క్లచ్‌లో గాలి తీసిన సువార్త సిస్టరు

గత సోమవారం ఉదయం బీర్‌గావ్ నుంచి ఫోను వచ్చేసరికి నేను గడ్డం సగం గీసుకుని ఉన్నాను. నా భార్య పార్వతి ఫోను ఎత్తింది. విన్నది విని, రిసీవరు చేతిలోనే పట్టుకుని, "సిస్టరమ్మ ఎల్లిపోనారట" అంది. "ఎక్కడికి?" అని అడిగాను. ఆమె రిసీవరు పెట్టేసి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. అప్పటికిగాని నాకు అర్థం కాలేదు. మిగిలిన సగం గడ్డం గీసుకోకుండానే చొక్కా తొడుక్కుని బయలుదేరాను. దారిపొడుగునా ఆటోవాడు అద్దంలోంచి నన్ను వింతగా చూస్తూనే ఉన్నాడు.

రాయపూర్ రైల్వే ఆసుపత్రిలో మూడు దశాబ్దాలు నర్సుగా పనిచేసి, ఈ రైల్వే కాలనీలో పుట్టిన పిల్లల్లో సగంమందికి తొలి స్నానం చేయించిన చేతులవి. ఆ చేతులు ఛాతీమీద కదలకుండా ఉండటం చూసి నమ్మబుద్ధి కాలేదు. మరణం అనివార్యమని శాస్త్రాలు చెబుతూనే ఉన్నాయి, మనమూ పరామర్శలకు వెళ్ళినప్పుడు ఆ మాటే వల్లిస్తూ ఉంటాం. తన వంతు వచ్చినప్పుడు ఆ శాస్త్రమేదీ గుండెకు అందదని నాకు ఆ పూట తెలిసింది.

సువార్తమ్మ గారి సేవల గురించి, దయాదాక్షిణ్యాల గురించి రాయడానికి నాకంటే అర్హులు ఈ ఊళ్ళో ఎందరో ఉన్నారు. వాళ్ళు రాస్తారు, రాయాలి కూడా. నేను రాయవలసింది వేరే ఉంది. ఆ మహాతల్లికి నేనొక అపకారం చేశాను. చేసి, ఇరవై ఏళ్ళకు పైగా నోరు మెదపకుండా ఊరుకున్నాను. ఆమెకు తెలుసేమో అని భయపడుతూ, తెలియదులే అని సర్దుకుంటూ, ఆమె చేతి కాఫీ తాగుతూ బతికాను. ఆ మాట చెప్పకుండా ఆమెను పొగిడితే అది నివాళి అనిపించుకోదు, మరో దాపరికం అవుతుంది.

ముందు ఆమె ఎవరో తెలియని కుర్రకారు కోసం నాలుగు మాటలు. నరసాపురం దగ్గర ఒక లంక గ్రామం వాళ్ళది. ఆమె పుట్టిన గంటకే తల్లి కన్నుమూసింది. పదకొండేళ్ళ అక్క కరుణమ్మ ఆ పసికందును ఒళ్ళోకి తీసుకుంది, మళ్ళీ దించలేదు. పెద్దయ్యాక కరుణమ్మ గారు, రాయపూర్ నుంచి బిలాస్‌పూర్ వెళ్ళే దారిలో ఉన్న తిల్దాలో ఒక ఆడపిల్లల హాస్టలుకు వంటమనిషిగా వచ్చారు. ఆ పొయ్యి ముందు నిలబడి సంపాదించిన జీతంతోనే చెల్లెలిని నర్సు చదువు చదివించారు. తాను పెళ్ళి చేసుకోలేదు. చెల్లెలూ చేసుకోలేదు. "మా అక్క ఒక్క కాపురం చేసింది, అది నాతోనే. ఇంకో కాపురం ఎందుకయ్యా ఇంట్లో" అనేవారు సిస్టరు నవ్వుతూ.

నేను విజయనగరం నుంచి ఉద్యోగానికి వచ్చి, గూడ్సు బళ్ళ చక్రాలూ బ్రేకులూ పరీక్షించే పనిలో చేరిన కొత్తల్లో మా క్వార్టరు ఆమె క్వార్టరు పక్కనే. హిందీలో "పానీ" తప్ప మరో ముక్క రాని పార్వతిని మొదటి నెలలోనే సంతకు తీసుకెళ్ళి, ధరలు బేరమాడటం నేర్పింది ఆమే. మా ఆవిడ వంకాయలవాడితో మొదటిసారి గెలిచి వచ్చిన రోజున సిస్టరు మా ఇంటికి సేమ్యా పాయసం పంపారు. మాది దేవుడి పటాలున్న ఇల్లు, ఆమెది సిలువ ఉన్న ఇల్లు. మధ్యలో ఉన్న దడికి తలుపు లేదు, ఒక కంత మాత్రం ఉండేది. గిన్నెలు అందులోంచే వెళ్ళేవి, అందులోంచే వచ్చేవి.

ఆమెకొక కారుండేది. పదవీ విరమణ చేసి వెళ్ళిపోతూ ఒక డాక్టరుగారు దాన్ని చవగ్గా ఇచ్చేసిపోయారు. రెండే తలుపులు, ముందుభాగం మొత్తం మొసలి నోరులా ముందుకు తెరుచుకునేది. తెల్లచీర కట్టుకున్న నర్సమ్మ తనే కారు నడుపుకుంటూ వెళ్తుంటే ఆ రోజుల్లో సైకిళ్ళవాళ్ళు దిగి నిలబడి చూసేవారు. కాలనీలో ఏ ఇంట నొప్పులు మొదలైనా, ఏ పిల్లవాడు చెట్టుమీద నుంచి పడినా ఆ కారే కదిలేది. గరాజుకిస్తే మూడు రోజులు తిరిగి రాదు. అందుకని ఆమె డాక్టరుగారు వదిలివెళ్ళిన పుస్తకం ముందు పెట్టుకుని, దాని వైద్యం తానే నేర్చుకున్నారు. పక్కింటి ఛత్తీస్‌గఢీ ముసలమ్మ గోడమీది నుంచి చూసి, "దీదీ గాడీ లా సుయీ లగావత్ హే" అని వీధంతా చాటింది, దీదీ కారుకు సూది వేస్తోందని. అది అబద్ధమేమీ కాదు. ఆసుపత్రిలో పారేసే సెలైను గొట్టాలను ఉడకబెట్టి ఇంటికి తెచ్చుకునేవారు. ఏటా వానలు వెలిశాక, ఆ గొట్టంతోనే క్లచ్‌లోని పాత నూనె తీసి, కొత్త నూనె పోసి, గాలి తీసేవారు. వార్డు ఆయా ఒకావిడ వచ్చి పెడలు తొక్కేది.

ఇదంతా నేను దడి అవతలి నుంచి చూసేవాణ్ణి. చూసి, లోలోపల నవ్వుకునేవాణ్ణి. ఎందుకంటే నేను రైల్వే మనిషిని. రైల్వేవాడికి ఒక జబ్బుంది. ప్రపంచంలో యంత్రమన్నది ఏదైనా రైలు పెట్టె కంటే చిన్నదే గనక తనకు తెలిసిపోయిందనుకుంటాడు. రైల్వే నూనెకు మించిన నూనె భూమ్మీద లేదనుకుంటాడు. మా ఇళ్ళల్లో కుట్టుమిషనుకూ, తలుపు బందులకూ, సైకిలు గొలుసుకూ, చివరికి ముసలివాళ్ళ మోకాళ్ళకు కూడా ఆ నూనే రాసేవాళ్ళం. నన్నొక్కణ్ణే అనకండి, ఈ వ్యాసం చదువుతున్న వాళ్ళలో ఎంతమంది ఇళ్ళల్లో ఆ డబ్బా లేదో గుండెమీద చెయ్యి వేసుకుని చెప్పండి.

ఒక గురువారం సాయంత్రం ఆమె డ్యూటీలో ఉన్నారు. కారు షెడ్డులో ఉంది. ముందురోజు ఆమె "క్లచ్ నూనె కాస్త తగ్గినట్టుంది, బజారెళ్ళి తేవాలి" అనడం విన్నాను. సాయం చేద్దామన్న బుద్ధి పుట్టింది. సాయం అన్నానుగానీ, అందులో గొప్పకు పోవడమే ఎక్కువ. మా పని చోటు నుంచి తెచ్చుకున్న సన్నటి యంత్రాల నూనె డబ్బా తీసుకెళ్ళి, క్లచ్ నూనె ఉండే చిన్న పాత్రలో అంచుదాకా పోశాను. మిగిలింది కూడా ఆమెకే ఉండనీ అని డబ్బా షెడ్డులోనే పెట్టి వచ్చాను. ఎవరికీ చెప్పలేదు. ఆదివారం తీరిగ్గా చెప్పి మెచ్చుకోలు పొందుదామనుకున్నాను.

ఆదివారం పొద్దున్నే తిల్దా స్టేషను నుంచి మా రైల్వే కంట్రోలు ఆఫీసుకు, అక్కడి నుంచి నాకు కబురు వచ్చింది. కరుణమ్మ గారు కొద్ది రోజులుగా జ్వరంతో ఉన్నారు. ఆ ఉదయం మాట పడిపోతోందనీ, చెల్లెల్ని వెంటనే రమ్మనీ ఆ కబురు. దడి దగ్గర నిలబడి నేనే చెప్పాను. సిస్టరు చర్చికి వెళ్ళడానికి తయారై ఉన్నారు. చేతిలోని బైబిలు అలాగే బల్లమీద పెట్టి, "ప్యాసింజరుకు ఇంకా గంట ఉంది. అంతదాకా ఎందుకు, కారులో పోతాను. ఆ గంటలో సగం దారి పోతాను" అని తాళాలు తీసుకున్నారు.

క్లచ్ తొక్కితే పెడలు లోపలికి వెళ్ళింది. తిరిగి రాలేదు. చేత్తో లాగితే వచ్చింది, మళ్ళీ తొక్కితే మళ్ళీ ఉండిపోయింది. గేరు వెయ్యబోతే ఇనుము మీద ఇనుము గీరినట్టు చప్పుడు. ఆమె దిగి బానెటు ఎత్తబోయారు. నేను ముందుకు వచ్చాను. "మీరు ఉండండక్కా. పది నిమిషాలు. నేను చూస్తాను" అన్నాను.

బానెటు ఎత్తి, నూనె పాత్ర మూత తీశాను. లోపల నేను పోసిన నూనె మెరుస్తోంది. దానివల్లేనేమో అని అనుమానం వచ్చింది. షెడ్డులో ఆ డబ్బా ఎదురుగానే కనిపిస్తోంది. దాన్ని కాలితో మెల్లిగా గోనెసంచుల వెనక్కి నెట్టాను. ఎందుకు నెట్టానని ఆ క్షణాన నన్ను నేను అడగలేదు. అడిగి ఉంటే జవాబు తెలిసే ఉండేది. నెట్టి, పెడలు దగ్గరికి వెళ్ళి తొక్కడం మొదలుపెట్టాను. మా రైలు బ్రేకుల్లో ఏదైనా పట్టేస్తే పదిసార్లు ఆడిస్తే వదిలేది. ఇదీ వదులుతుందనుకున్నాను.

"అప్పారావూ, ప్యాసింజరుకు టైము ఉందా?" అని అడిగారామె.

"ఉందక్కా. కానీ రైలుతో పనిలేదు. కారే వచ్చేస్తుంది."

ఈ మాట నేనే అన్నాను. ఈ వ్యవహారంలో నేను చేసినవాటిలో అన్నిటికంటే పెద్ద పాపం ఈ మాటే. నూనె పోసింది అజ్ఞానం, డబ్బా నెట్టింది పిరికితనం. ఇది మాత్రం అహంకారం. కాసేపటికి ఆమె మళ్ళీ అడిగారు. నేను మళ్ళీ అదే చెప్పాను. ఒళ్ళంతా చెమటలు కక్కుతూ, పెడలు తొక్కుతూ లాగుతూ ఉండగానే అవతల స్టేషనులో ప్యాసింజరు కూత పెట్టింది. ఆ కూత మాకు తెలియనిది కాదు. ఇద్దరం ఒకరి ముఖం ఒకరం చూసుకోలేదు.

తరువాత నేను పరుగెత్తాను. స్టేషనుకు వెళ్ళి, తెలిసిన గార్డు కాళ్ళావేళ్ళా పడి, బిలాస్‌పూర్ వైపు వెళ్ళే గూడ్సు బండి గార్డు పెట్టెలో ఆమెకు చోటు సంపాదించాను. అది మధ్యాహ్నానికి గాని కదలలేదు. దారిలో రెండుచోట్ల ఆగింది. ఆమె తిల్దా చేరేసరికి కరుణమ్మ గారు పోయి అరగంట దాటింది.

ఆమె అక్కను మట్టిలో పెట్టి తిరిగి వచ్చారు. పది రోజుల పాటు దడి కంతలోంచి గిన్నె రాలేదు. పార్వతి పంపిన గిన్నె కడిగి, ఆయా చేత పంపించారు. నేను ఉదయం ఆమె బయలుదేరే వేళకు ముందే డ్యూటీకి పోయేవాణ్ణి. పదకొండో రోజున ఆమే దడి దగ్గరికి వచ్చి పిలిచారు. "ఆదివారం ఆరాధన అయ్యాక రావయ్యా. పాత బట్టలు కట్టుకుని రా. ఆయా ఊరెళ్ళింది, పెడలు తొక్కడానికి మనిషి కావాలి."

వెళ్ళాను. గచ్చు మీద ఉతికిన తెల్లగుడ్డ పరిచి ఉంది. దానిమీద క్లచ్ నుంచి విప్పిన సిలిండర్లు, సర్జికల్ స్పిరిటు సీసా, బజారు నుంచి తెచ్చిన కొత్త రబ్బరు వాషర్లు, కొత్త నూనె సీసా, సెలైను గొట్టం, ఖాళీ గాజు సీసా. ఆపరేషను బల్లకూ దానికీ తేడా లేదు. ముందు నా చేతులు సబ్బుతో కడిగించారు. గోళ్ళు చూపించమన్నారు, చూపించాను. మళ్ళీ కడుక్కోమన్నారు. "ఇంత ఇసకరేణువు చాలయ్యా దీని ప్రాణం తియ్యడానికి" అన్నారు. స్పిరిటుతో లోపలంతా రెండుసార్లు కడిగారు. కడిగిన స్పిరిటు జిడ్డుజిడ్డుగా దిగింది.

అప్పుడు తన అరచేతిలో రెండు వాషర్లు పక్కపక్కన పెట్టి చూపించారు. ఒకటి కొత్తది, బిగువుగా, అంచులు తీరుగా ఉంది. రెండోది పాతది. నీళ్ళలో నానిన శనగగింజలా ఉబ్బి, మెత్తబడి, వంకర తిరిగి ఉంది. "యంత్రాల నూనె తగిలితే ఈ రబ్బరు ఇలా ఉబ్బుతుంది. ఉబ్బి దారి మూసేస్తుంది. అంచేత దీనికి దీని నూనే పొయ్యాలి. ఎవరో తెలియక పోసినట్టున్నారు." ఆమె నా వైపు చూడలేదు. వాషరునే చూస్తూ అన్నారు. నోరు తెరిచాను. "అలాగా అక్కా" అన్న మాట మాత్రం బయటికి వచ్చింది.

అన్నీ బిగించాక ఆమె ముతక చీర కుచ్చిళ్ళు పైకి దోపుకుని గోనెపట్టా మీద పడుకుని కారు కిందికి దూరారు. నన్ను పెడలు దగ్గర కూర్చోబెట్టారు. కింది సిలిండరుకు నిపుల్ అనే చిన్న మర ఉంటుంది. దానికి గొట్టం ఒక కొస తొడిగి, రెండో కొస నూనె ఉన్న గాజు సీసాలో ముంచారు. "మీ రైలు బ్రేకులకు గాలి కావాలి. దీనికి గాలే శత్రువు. గాలిని నొక్కితే అది నలుగుతుంది. నూనె నలగదు, నువ్విక్కడ తొక్కితే అక్కడ కదులుతుంది. మధ్యలో చిటికెడు గాలి చిక్కిందా, నువ్వెంత తొక్కినా నీ బలం అవతలికి చేరదు. ఇప్పుడు నేను చెప్పిందే చెయ్యి, చేసింది నోటితో చెప్పు. తొక్కు."

తొక్కాను.

"చెప్పవేం?"

"తొక్కానక్కా."

"మర విప్పుతున్నాను."

సీసాలో బుడబుడమని బుడగలు. నేను కుతూహలం కొద్దీ వంగి చూడబోయాను, కాలు సడలింది. వచ్చిన గాలి వచ్చినట్టే వెనక్కి పీల్చుకుంది. కింద నుంచి ఆమె గొంతు వినిపించింది. "మర కట్టాను అని నేను అన్నానా?"

"అనలేదక్కా."

"మరి కాలెందుకు ఎత్తావు? డాక్టరు మందు పేరు చెబితే నేను మళ్ళీ నా నోటితో చెప్పి, ఆయన ఊఁ అన్నాకే సూది ఎత్తుతాను. అవతలి మనిషి కనిపించనప్పుడు నోరే చెయ్యయ్యా. పైనున్నవాడు మాట్లాడాలి, కిందున్నవాడు మాట్లాడాలి. ఒకడు ఊరుకున్నాడంటే పని చెడుతుంది. మళ్ళీ మొదటికి పద."

తొక్కాను, విప్పుతున్నాను, పట్టే ఉన్నాను, కట్టాను ఎత్తు, ఎత్తాను. పై పాత్రలో నూనె తగ్గకుండా మధ్యమధ్య పోస్తూ, అదే మంత్రం గంటసేపు చదివాం. పెద్ద బుడగలు చిన్నవయ్యాయి, చిన్నవి ఆవగింజలయ్యాయి, చివరికి నూనె ఒక్కటే తేటగా జారింది. పెడలు కాలికింద బిగువుగా నిలబడింది. అంతకుముందే, సగం పని అయ్యాక, ఆమె బయటికి వచ్చి నన్ను కిందికి పంపారు, తాను పెడలు దగ్గర కూర్చున్నారు. ఆ తరువాత ఇక ఎప్పుడూ అదే ఏర్పాటు. నేను కింద, ఆమె పైన.

అలా ఇరవై ఏళ్ళ పైమాట. ఏటా వానలు వెలిశాక ఒక ఆదివారం కబురు వచ్చేది. ఎక్కడ బదిలీలో ఉన్నా సెలవు పెట్టి వచ్చేవాణ్ణి. నాగపూర్‌లో ఉన్న రెండేళ్ళూ ఛుట్టీ రాసి వచ్చానంటే మా ఆఫీసరు నమ్మలేదు, "కార్ కా క్లచ్?" అని రెండుసార్లు అడిగాడు. పని అయ్యాక సిస్టరు చేపల పులుసుతో అన్నం పెట్టేవారు. మాకు ఆదివారాలు నీచు నిషేధమని పార్వతి ఒకసారి గుర్తుచేస్తే, "కారు కింద పడుకున్నవాడికి వారాలు వర్తించవమ్మా" అన్నారు. ఆ తీర్పు మీద మా ఇంట్లో మళ్ళీ అప్పీలు లేదు. నేను చేస్తున్నది ప్రాయశ్చిత్తమని నాకు నేను చెప్పుకునేవాణ్ణి. నోటితో ఒక్క మాట చెప్పే బదులు ఇరవైసార్లు వీపు మాపుకోవడం నాకు సులువనిపించింది.

ఉద్యోగం ముగిశాక ఆమె ఊరికి పోలేదు. బీర్‌గావ్‌లో రెండు గదుల ఇల్లు అద్దెకు తీసుకుని ఫ్యాక్టరీ కూలీలకు కట్లు కట్టడం మొదలుపెట్టారు. కంట్లో ఇనుపరజను పడ్డవాళ్ళు, చేతులు కాలినవాళ్ళు బారులు తీరేవారు. తన చేతిలో కానిదైతే ఆ ముసలి కారులోనే ఎక్కించుకుని పెద్దాసుపత్రికి తీసుకెళ్ళేవారు. ఒకసారి ఒక కుర్ర సూపర్‌వైజరు తన కూలీకి తగిలిన దెబ్బను తక్కువ చేసి చెప్పబోతే, "బేటా, చోట్ తుమ్హారీ హై కి ఇస్‌కీ?" అని అడిగారట. దెబ్బ నీదా, వీడిదా అని. ఆ కుర్రవాడు ఆమె అంత్యక్రియల్లో పెట్టె మోశాడు.

ఈ వేసవిలో ఆమెకు గుండె నీరసించింది. డాక్టర్లు పెదవి విరిచారు. పోయిన నెల ఒక మధ్యాహ్నం వెళ్ళాను. మంచంమీద దిండ్లకు ఆనుకుని కూర్చుని ఉన్నారు. ఈ ఏడాది ఆదివారం కబురు ఇక రాదని ఇద్దరికీ తెలుసు. ఎలా మొదలుపెట్టానో నాకు గుర్తులేదు. "అక్కా, ఆ నూనె పోసింది నేను" అన్నాను. అని తల వంచుకున్నాను.

ఆమె మోకాళ్ళమీది దుప్పటి సర్దుకున్నారు. తరువాత, "తెలుసయ్యా" అన్నారు. "కాలితో డబ్బా నెట్టావు గదా. బానెటు పక్కనే నిలబడ్డాను, చూశాను."

ఆమెకు ఆ రోజే తెలుసు. రెండు వారాల తరువాత నా చేతులు సబ్బుతో కడిగించినప్పుడు తెలుసు. వాషరు చూపించినప్పుడు తెలుసు. నేను తిన్న ప్రతి ముద్ద వడ్డించినప్పుడూ తెలుసు.

"మీకు కోపం రాలేదా అక్కా?"

"రాకేం? పది రోజులు నీ ముఖం చూడబుద్ధి కాలేదు. ప్రార్థనలో కూర్చుంటే నీ మాటే వినపడేది, రైలుతో పనిలేదు అన్నావే, అది."

"మరి పిలిచి ఎందుకు నేర్పారు?"

"నేర్పితే నీ తప్పేంటో నీకు తెలుస్తుంది, తెలిస్తే నువ్వే చెబుతావనుకున్నాను. చెప్పలేదు. పోన్లే, వచ్చే ఏడు చెబుతాడనుకున్నాను. ఏటా నువ్వు కారు కింద పడుకునేవాడివి, నేను పెడలు మీద కాలు పెట్టుకుని కూర్చునేదాన్ని. నీ ముఖం నాకు కనపడదు, నా ముఖం నీకు కనపడదు, చెప్పడానికి ఇంతకంటే మంచి చోటేముంది, ఇవాళ చెబుతాడు అని ఎదురుచూసేదాన్ని. నువ్వేమో, కట్టానక్కా ఎత్తండి, అనేవాడివి."

నేను ఏడ్చాను. అరవయ్యోపడిలో పడ్డ మనిషి ఏడుపు చూడముచ్చటగా ఉండదు. ఆమె చూడనట్టు కిటికీ వైపు తిరిగారు. తిరిగి, ఇలా అన్నారు: "నిన్ను దోషిగా నిలబెట్టాలని కాదయ్యా. ఆ రోజు నా పక్కన ఉన్నది నువ్వొక్కడివే. మా అక్క గురించి, ఆ రోజు గురించి చెప్పుకుంటే నీతోనే చెప్పుకోవాలి. నువ్వు నోరు కట్టేసుకుంటే నేనెవరితో చెప్పుకోను?"

నేను దాచింది నా తప్పు ఒక్కదాన్నే అనుకున్నాను ఇన్నేళ్ళూ. ఆమె దుఃఖానికి తలుపు కూడా మూసి కూర్చున్నానని నాకు తట్టనే లేదు. ఏ తిట్టూ నన్ను అంతగా కొట్టేది కాదు. తిట్టలేదు కాబట్టి నేనే ఇక్కడ అందరి ముందూ రాసుకుంటున్నాను.

"కూర్చో" అన్నారు. కూర్చున్నాను. రెండు గంటలపాటు ఆమె తన అక్క గురించి చెప్పారు. పదకొండేళ్ళ కరుణమ్మ మేకపాలలో గుడ్డవత్తి ముంచి పసిగుడ్డు నోటికి అందించిందట. ఎడమచేతివాటం గనక ఆమె వేసిన జడ ఎప్పుడూ ఒక పక్కకు తిరిగి ఉండేదట, బడిలో పిల్లలు నవ్వితే చెల్లెలు జడ విప్పుకోకుండా కొట్లాడి వచ్చేదట. నాలుగేళ్ళప్పుడు సువార్తమ్మ గారు ఆమెను "అమ్మా" అని పిలిచారట. కరుణమ్మ గారు ఆమె నోటిమీద వేలు పెట్టి, "అమ్మ పైనుంది. ఆ చోటు ఆమెదే. నేను అక్కని" అన్నారట. చెల్లెలు ఆ మాట జవదాటలేదు. "ఆ ఆదివారం మాత్రం, వెళ్ళగానే చెవి దగ్గర ఒక్కసారి అమ్మా అని పిలవాలి అనుకున్నానయ్యా. కొడితే కొడుతుంది, పిలిచేద్దాం అనుకున్నాను. వెళ్ళేసరికి నుదురు ఇంకా వెచ్చగానే ఉంది. కానీ పిలవలేదు. కాదనడానికి ఆమె లేనప్పుడు పిలవడం దొంగతనంలా అనిపించింది."

లేచి వస్తుంటే నా చెయ్యి పట్టుకుని, "చెప్పావు. నా మనసు తేలికపడింది" అన్నారు. నా మనసని అనలేదు, తన మనసని అన్నారు. అటువంటి క్షమ పుస్తకాల్లో చదివాను, మనిషిలో చూడటం అదొక్కసారే. ఆ తరువాత మూడు వారాలు బతికారు. నేను రోజు విడిచి రోజు వెళ్ళాను. ప్రతిసారీ కరుణమ్మ గారి కబుర్లే. ఆ మూడు వారాల మధ్యాహ్నాలలో పది నాకు దక్కాయి. నా అర్హతకు అవి చాలా ఎక్కువ.

రాయపూర్ రేపో మాపో రాజధాని అవుతుందంటున్నారు. పెద్ద ఆసుపత్రులు వస్తాయి, గొప్ప డాక్టర్లు వస్తారు. ముఖం కనిపించని మనిషి మాట కోసం ఇరవై ఏళ్ళు ఓపిగ్గా కాచుకుని కూర్చునే సువార్తమ్మ గారు మళ్ళీ రారు. ఆమె నాకు విద్య నేర్పారు, అన్నం పెట్టారు, చివరికి నా చేత నిజం చెప్పించారు. ఈ మూడింటికీ చేతులెత్తి నమస్కరిస్తున్నాను.

నిన్న ఉదయం ప్యాసింజరులో తిల్దా వెళ్ళాను. కరుణమ్మ గారి సమాధి వెదకడానికి గంట పట్టింది. రాతిమీద పేరు సగం చెరిగిపోయింది. గడ్డి పీకి, రాయి కడిగాను. చెప్పులు విడిచి నిలబడి చెప్పాను: "కరుణమ్మ గారూ, ఆ ఆదివారం మీ చెల్లెలు మిమ్మల్ని అమ్మా అని పిలుద్దామని బయలుదేరింది. ఆలస్యం చేసింది నేను. వద్దనేటట్టయితే నన్నే తిట్టండి." చెప్పి, ఆమె బదులు నేను పిలిచాను. చుట్టూ ఎవరూ లేరు, గట్టిగానే పిలిచాను.